తల్లియు కుమారుడును: మన ఇంటను, మన రంగస్థలముపైనను

(తోట్లవల్లూరు కుటుంబ సదస్సులో చేసిన ప్రసంగ పాఠము)



ఈ సదస్సులో మాకు ఇచ్చిన విషయము తల్లి, కుమారుల అనుబంధము. అందరికిని తెలిసిన దానిని గూర్చి ప్రసంగమెందుకని కొందరికి తోచవచ్చును. తెలిసినదే అనుకొన్న దానినే మనము తక్కువగా పరిశీలింతుము గనుక, ఈ సాయంకాలము కొంతసేపు దీనిని నిదానముగా చూడవలెనని మనవి. మన ఇండ్లలో ఈ అనుబంధము ఎట్లున్నదో, మన నాటకములలోను సినిమాలలోను దానిని ఎట్లు చూపించుకొనుచున్నామో, ఆ రెంటికిని నడుమ ఎంత దూరమున్నదో చెప్పుటయే మా ఉద్దేశము.

మొదట ఇంటి సంగతి. మన కృష్ణా డెల్టాలో ఆడుబిడ్డను పెండ్లిచేసి పంపుదురు. మగబిడ్డ ఇంట నిలుచును. పొలము, ఇల్లు, పశువులు తరతరములుగా కుమారులకే చెందుచు వచ్చినవి. హిందూ కుటుంబములలో పిత్రార్జితమున కుమార్తెకు కుమారునితో సమాన భాగమిచ్చు సవరణ మన రాష్ట్రములో 1986లోను, దేశమంతటికి 2005లోను వచ్చినది. క్రైస్తవులకు వర్తించు 1925నాటి భారత వారసత్వ చట్టము కుమారునికిని కుమార్తెకును భేదము చూపదు. అయినను మన ఇండ్లలో చట్టముకంటె ఆచారమే ఎక్కువగా చెల్లినది. ఆస్తి కుమారుని చేతిలో ఉన్నప్పుడు, ముసలితనమున తల్లి కూడును గుడ్డయును అతని చేతిలోనే ఉండును. భర్త గతించిన స్త్రీకి కుమారుడే నీడ. కాబట్టి తల్లి తన కుమారుని కేవలము ప్రేమించుటయే కాదు, అతనిపై ఆధారపడవలసి యుండెను. ప్రేమయు అవసరమును పాలునీళ్ళవలె ఇట్లు కలిసిపోయినవి. ఏది ఎంతయో విడదీసి చెప్పుట తల్లికిని సాధ్యము కాదు.

మన సామెతలు ఈ సంగతిని ఎరిగినవే. తల్లి కడుపు చూచును, పెండ్లాము జేబు చూచును అందురు. ఆ మాట చెప్పునప్పుడు మనము నవ్వుదుము గాని, అందులో ఒక అన్యాయమున్నది. కుమారుని చెరి యొక ప్రక్క ఇద్దరు స్త్రీలను నిలిపి, ఒకరిని దేవతగాను మరియొకరిని దొంగగాను చూపుచున్నది ఆ సామెత. జేబు చూచిన ఆ పెండ్లామే ఇరువది ఏండ్లకు ఇంకొకనికి కడుపు చూచు తల్లి యగును. అత్తయు ఒక ఇంటి కోడలే అని మన పెద్దలే మరియొక సామెతలో చెప్పియుండిరి.

ఇక రంగస్థలము. మన ప్రాంతపు పల్లెలలో తెల్లవార్లు సాగిన నాటకములలో హరిశ్చంద్రకు సాటి వచ్చునవి తక్కువ. బలిజేపల్లి లక్ష్మీకాంతముగారి నాటకమునకు ప్రాణము కాటిసీను. పాము కరచి మరణించిన లోహితాస్యుని ఎత్తుకొని చంద్రమతి నడిరేయి శ్మశానమునకు వచ్చును. గుఱ్ఱం జాషువాగారి శ్మశాన పద్యములు ఆ సీనులో చేరిన పిమ్మట దాని బరువు మరింత హెచ్చినది. ఆ పద్యములకు వన్సుమోరు కొట్టని ఊరు ఈ గట్టున లేదు. ఆ సీనులో రాజ్యము పోయినదని ప్రేక్షకుడు ఏడ్వడు. బిడ్డకు అంత్యక్రియలు జరుపుటకు సుంకము చెల్లింపలేని తల్లిని చూచి ఏడ్చును.

బాలనాగమ్మ కథలో ఈ అనుబంధము మరియొక రీతిగా కనబడును. మాయల మరాఠీ ఊయలలోని పసివానినుండి తల్లిని వేరుచేసి తీసికొనిపోవును. ఆ పసివాడు బాలవర్ధిరాజు పెరిగి, తల్లి జాడ తెలిసికొని, మాంత్రికుని ప్రాణమున్న చిలుకను పట్టి తల్లిని విడిపించును. బుఱ్ఱకథగా ఊరూర చెప్పబడి, 1942లో జెమినీవారి చిత్రముగా వచ్చిన కథ ఇది. ఇందులో మనము గమనింపవలసినది ఒకటున్నది. భర్తవలన, బావలవలన కాని పని కుమారునివలన అయినది. తనను కాపాడువాడు కడుపున పుట్టినవాడే అను తెలుగు తల్లి ఆశను మన జానపదులు ఆ కథలో దాచియుంచిరి.

మన భాషలో మొదటి టాకీ ఏది? 1932 ఫిబ్రవరి 6న విడుదలయిన ‘భక్త ప్రహ్లాద’. హెచ్.ఎం. రెడ్డిగారు దర్శకులు. లీలావతిగా సురభి కమలాబాయిగారు నటించిరి. ఒక ప్రక్క భర్త ఆజ్ఞ, మరియొక ప్రక్క కన్నకొడుకు ప్రాణము. నడుమ నలిగిపోవు తల్లి. తెలుగు సినిమా నోరు తెరచి మాటలాడిన మొదటి కథలోనే తల్లియు కుమారుడును ఉన్నారు.

అటుపిమ్మట కన్నాంబగారి కాలము వచ్చినది. ఏలూరున పుట్టిన ఆమె 1941లో ‘తల్లిప్రేమ’లో నటించిరి. 1954లో ఎల్.వి. ప్రసాద్‌గారి ‘మనోహర’లో శివాజీ గణేశన్‌కు తల్లిగా నటించిరి. సంకెళ్ళలో ఉన్న వీరుడు తల్లి మాట కొరకు ఆగియుండుట, ఆమె అనుమతించినంతనే అతడు విజృంభించుట, ఆ చిత్రమునకు పట్టుకొమ్మ. కత్తి కుమారునిదైనను దానిని కదలించు మాట తల్లిదని ప్రజలు చెప్పుకొనిరి. తరువాతి తరములో మన బందరులో పుట్టిన నిర్మలమ్మగారు ఎందరు కథానాయకులకు తల్లిగాను, అవ్వగాను నటించిరో లెక్కించుట కష్టము. ఆమె మాటతీరులో మన ఇంటి ముంగిటి యాస ఉండుటవలన, తెరమీద ఉన్నది తమ పెద్దమ్మయే అని మనవారు అనుకొనిరి.

అయితే ఈ వరుసలో మన డెల్టావారు ప్రత్యేకముగా తలచుకొనవలసిన చిత్రమొకటి కలదు. అది 1957లో వచ్చిన ‘పాండురంగ మహత్యం’. దర్శకులు కమలాకర కామేశ్వరరావుగారు బందరువారు. బందరునుండి వెలువడిన కృష్ణాపత్రికలో సినిమా విమర్శలు వ్రాసినవారు. కథానాయకుడు నందమూరి తారకరామారావుగారు నిమ్మకూరువారు. పాడిన ఘంటసాల వెంకటేశ్వరరావుగారు గుడివాడ దగ్గర చౌటపల్లిలో పుట్టినవారు. ఒక పూటలో చుట్టి రాదగిన మూడు ఊళ్ళ బిడ్డలు కలిసి చెప్పిన కథ ఇది.

కథ మీకు తెలిసినదే. పుండరీకుడు భోగలాలసుడై తల్లిదండ్రులను ఇంటినుండి వెడలగొట్టును. పిమ్మట కాళ్ళు పోగొట్టుకొని, నేలమీద దేకుచు, వారి కొరకు విలపించును. ఆ విలాపగీతమును వినినప్పుడు కన్ను చెమర్చని తెలుగువాడు అరుదు. మేము మాత్రము మీ దృష్టిని ఆ గీతముమీదికి గాక, కథ చివరకు మరల్చదలచితిమి. భగవంతుడు గుమ్మములోనికి వచ్చి నిలుచున్నప్పుడు పుండరీకుడు తల్లిదండ్రుల కాళ్ళు ఒత్తుచుండెను. పని ముగియువరకు ఆగుమని చెప్పి, నిలుచుండుటకు ఒక ఇటుకను వేసెను. పండరిపుర స్థలపురాణము చెప్పునది ఇదియే. ఎవరి మతము ఏదైనను, ఈ కథ చెప్పు నీతిని కాదనువారుండరు. తల్లికొరకు ఏడ్చిన ఏడ్పు పుండరీకుని మార్పునకు ఆరంభము మాత్రమే. ఆ మార్పు పూర్తియైనది అతడు కాళ్ళు ఒత్తినప్పుడు. మనమేమో ఏడ్పుపాటను కంఠస్థము చేసికొని, కాళ్ళు ఒత్తిన సంగతి మరచితిమి.

సోదరులారా, ఇదియే ఈ సాయంకాలము మేము చెప్పదలచిన ముఖ్యమైన మాట. తల్లిని పొగడుటలో మనకు లోటు లేదు, పోషించుటలోనే ఉన్నది.

మన సినిమా తల్లిని కొంచెము పరిశీలించి చూడుడు. ఆమె చాలవరకు విధవరాలు. కుట్టుమిషను త్రొక్కి కుమారుని చదివించును. ఆమెకు దగ్గు వచ్చును గాని ఆకలి వేయదు. ఆమెకు స్నేహితురాండ్రు లేరు, ఇష్టమైన కూర లేదు, చూడవలెనని కోరుకొన్న ఊరు లేదు. తరచు ఆమెకు పేరు కూడ ఉండదు. అమ్మ అను పిలుపొక్కటియే ఆమె పేరు. ప్రతినాయకుడు ఆమెను స్తంభమునకు కట్టివేసినప్పుడు కుమారునికి పౌరుషము వచ్చును. పదిమందిని కొట్టి తల్లి ఋణము తీర్చుకొనును. చప్పట్లు మ్రోగును. కాని ఆమె మోకాళ్ళ నొప్పులకు తైలము ఎవరు రాసిరో, రాత్రి ఆమె లేచినప్పుడు చేయి ఎవరిచ్చిరో ఆ చిత్రము చూపదు. ఇంటిలో ఆ పని చేయునది కోడలు. తెరమీద ఆ కోడలినే గయ్యాళిగా చూపుదురు. తల్లిని దేవతగా పీటమీద కూర్చుండబెట్టినప్పుడు ఆమెను అడుగవలసిన చిన్న ప్రశ్నలన్నియు అడుగకుండ తప్పించుకొందుము. అన్నము తిన్నావా, మాత్రలు ఉన్నవా, నీకేమి కావలెను అని దేవతను ఎవరు అడుగుదురు?

ఇది మన తెలుగువారికి మాత్రమే ఉన్న గుణము కాదు. స్పానిషు భాష మాటలాడు దేశములలో, ముఖ్యముగా మెక్సికోలో, తల్లి స్థానము మనవద్ద వలెనే బహు గొప్పది. అక్కడ ఒక దినపత్రిక పిలుపుతో 1922నుండి మే 10వ తేదీన మాతృదినము జరుపుచున్నారు. ఆ దేశ రాజధానిలో 1949లో తల్లికి ఒక పెద్ద స్మారకమునే నిలిపిరి. మనకు కన్నాంబ ఎట్టిదో వారికి సారా గార్సియా అట్టిది. మన ‘తల్లిప్రేమ’ వచ్చిన 1941లోనే అక్కడ ఆమె తల్లిగా నటించిన చిత్రమొకటి వచ్చినది. బిడ్డలు వెడలిపోవునప్పుడు అని దాని పేరునకు అర్థము. సముద్రములు అడ్డమున్నను ఇరువురి తెరలమీదను ఒకే తల్లి, ఒకే కన్నీరు. ఆ దేశమునుండియు కుమారులు పొట్ట చేతబట్టుకొని ఉత్తరపు సరిహద్దు దాటి అమెరికా పోవుచుందురు. తల్లులు ఇంటివద్ద మనియార్డరుల కొరకు ఎదురుచూచుచుందురు. బిడ్డలు వెడలిపోవు ప్రాంతములలోనే తల్లిపాటలు ఎక్కువగా పుట్టునేమో అని మాకు తోచుచున్నది.

అమెరికాలో మాతృదినము ఆరంభమైన తీరు కూడ తెలిసికొనదగినది. 1908లో అన్నా జార్విస్ అను ఆమె తన తల్లి జ్ఞాపకార్థము గ్రాఫ్టన్ పట్టణపు దేవాలయములో ఒక ఆరాధన ఏర్పాటు చేసెను. 1914లో అది దేశమంతటికి పండుగ అయినది. కొన్ని ఏండ్లకే అచ్చు కార్డులు, పూలగుత్తులు అమ్మువారు దానిని వ్యాపారము చేసిరి. తల్లికి స్వయముగా నాలుగు ముక్కలు వ్రాయలేక అచ్చు కార్డు కొని పంపు బిడ్డలను చూచి ఆ స్థాపకురాలే ఆగ్రహించి, జీవితాంతము ఆ వ్యాపారముతో పోరాడెను. నేడు మనము ఫోనులో ఒకరు పంపిన బొమ్మను మరియొకరికి త్రోసి మాతృదినము ముగించుచున్నాము. ఆమె ఇప్పుడుండిన ఏమనునో!

మన తెరమీదను తల్లిని మనిషిగా చూచిన కథలు లేకపోలేదు. 1991లో దాసరి నారాయణరావుగారు ‘అమ్మ రాజీనామా’ తీసిరి. మరాఠీ నాటకము దానికి మూలము. శారదగారు నటించిన ఆ తల్లి, ఇంటి చాకిరికి తాను రాజీనామా ఇచ్చుచున్నానని చెప్పును. ఉద్యోగికి విశ్రాంతి వయస్సు ఉన్నది గదా, తల్లికి ఎందుకు లేదు అనునది ఆ చిత్రపు ప్రశ్న. 1993లో వచ్చిన ‘మాతృదేవోభవ’ మరణము సమీపించిన తల్లి కథ. తాను పోయిన తరువాత తన బిడ్డలు ఏ ఇండ్ల పాలగుదురో చూచుకొనుటకు ఆమె తపించును. మలయాళములో ఒక క్రైస్తవ కుటుంబ కథగా వచ్చిన చిత్రమునకు అది తెలుగు రూపము. అందులోని గీతమునకు దివిసీమ పెదకళ్ళేపల్లి బిడ్డడు వేటూరి సుందరరామమూర్తిగారికి జాతీయ బహుమతి వచ్చినది. ఇటీవలి ‘బాహుబలి’లో, 2015, 2017 సంవత్సరములలో వచ్చిన రెండు భాగములలోను, శివగామి పాత్ర చూడుడు. ఏటి వరదలో మునిగిపోవుచు పసిబిడ్డను నీటిపైకి ఎత్తిపట్టిన ఆమెయే, అంతకు ముందు చెప్పుడు మాటలు నమ్మి పెంచిన కుమారుని చంపించినది. తల్లియు పొరబడును. పొరబడగల తల్లిని చూపుట ఆమెను అవమానించుట కాదు. ఆమెకును మనస్సు, కోపము, పశ్చాత్తాపము ఉన్నవని ఒప్పుకొనుట.

ఇప్పుడు తెరను వదలి మన కరకట్ట మీదికి వచ్చెదము. ఇక్కడ పసుపు, కంద, అరటి, చెరకు పండించి తల్లులు కుమారులను చదివించిరి. ఆ కుమారులు హైదరాబాదులో, బెంగుళూరులో, గల్ఫులో, అమెరికాలో ఉన్నారు. వారు వెళ్ళుట తప్పని మేము అనము. వెళ్ళవలెననియే తల్లి పుస్తెలు కుదువబెట్టినది. సమూయేలును దేవాలయమున విడిచివచ్చిన హన్నా ఏటేట చిన్న అంగీ కుట్టి తీసికొనిపోయినట్లు, బిడ్డను విడుచుటయు తల్లి ప్రేమలో భాగమే. విడువని తల్లి కుమారుని ఎదుగనీయదు, అతని భార్యను బ్రతుకనీయదు. ఆ మాట తల్లులకు కూడ చెప్పవలసియున్నది. పెండ్లియైన కుమారుని జీతము లెక్క, కోడలు వండిన కూర లెక్క మీరు అడుగకుండుటయే వారికి మీరిచ్చు ఆశీర్వాదము.

కాని విడిచిన తల్లిని మరచుట వేరు. మనలో వంతుల పద్ధతి ఉన్నది. తండ్రి గతించి, పొలము పంచుకొన్న పిమ్మట తల్లిని పెద్దవానింట నెల, చిన్నవానింట నెల ఉంచుదురు. నెల చివరి దినమున గుడ్డలమూట చేత బట్టుకొని ఒక గుమ్మము దిగి మరియొక గుమ్మము ఎక్కు తల్లిని చూడనివారు మనలో ఎవరు? ముప్పదియొకటవ దినము ఎవరిదని అన్నదమ్ములు తగవులాడుటయు విందుము. కడుపున మోసిన తల్లి నెలలు లెక్కించినది గాని వంతులు లెక్కించలేదు. మన సామెత ఒకటున్నది: కన్నతల్లికి అన్నము పెట్టనివాడు పినతల్లికి బంగారు గాజులు చేయించెదనన్నాడట. తల్లి బ్రతికియుండగా మందు కొననివాడు, పోయిన పిమ్మట సమాధికి చలువరాయి వేయించి ఊరంతటికి భోజనము పెట్టుటయు ఆ కోవలోనిదే.

2024 సెప్టెంబరు ఆరంభములో ప్రకాశము బ్యారేజికి 11 లక్షల క్యూసెక్కులకు పైగా నీరు వచ్చి మన లంకలు మునిగినప్పుడు, దూరముననున్న కుమారుడు ఫోను మాత్రమే చేయగలడు. చేయి పట్టి కరకట్ట ఎక్కించువాడు పొరుగువాడు. కుమారుడు లేని వేళ ఆ పొరుగువాడే కుమారుడు. ఈ సంగతిని సంఘము గుర్తుంచుకొనవలెను.

చట్టము కూడ ఈ విషయములో మాటలాడినది. 2007లో తల్లిదండ్రుల, వయోవృద్ధుల పోషణ, సంక్షేమ చట్టము వచ్చినది. పోషింపని బిడ్డలనుండి భరణము కోరుటకు తల్లి ట్రిబ్యునలునకు దరఖాస్తు చేసికొనవచ్చును. ఆ చట్టము ప్రకారము కుమారుడే కాదు, కుమార్తెయు బాధ్యురాలే. చూచుకొందునను షరతుపై ఇల్లో పొలమో వ్రాయించుకొని చూడనిచో ఆ దస్తావేజును రద్దు చేయించుకొనవచ్చును. వృద్ధులను విడిచిపెట్టినవారికి మూడు నెలల జైలు, అయిదు వేల రూపాయల వరకు జరిమానా ఉండవచ్చును. తల్లి తన కుమారునిపై కాగితము పెట్టుటకు చేయి వణకును. ఆమెకు తోడుగా వెళ్ళి ఆ దరఖాస్తు వ్రాయించుట చదువుకొన్నవారి విధి. అయితే అన్నము ముద్దకొరకు తల్లి కచేరి మెట్లు ఎక్కవలసిన ఊరు, ఎన్ని తల్లిపాటలు పాడిన ఏమి ప్రయోజనము?

కాబట్టి కుమారులకు మా మనవి బహు చిన్నది. తల్లి పేరుమీద ఒక బ్యాంకు ఖాతా ఉంచి, అడుగకమునుపే నెలనెల సొమ్ము వేయుడు. చేయిచాచి అడుగుట ఆమెకు కష్టము. వారమునకొకసారి మాటలాడునప్పుడు మీ సంగతులకంటె ఆమె సంగతులు ఎక్కువగా వినుడు. ఆమె కంటి పరీక్ష, ఆమె రక్తపుపోటు మాత్రలు మీకు తెలిసియుండవలెను. సెలవుకు వచ్చినప్పుడు ఆమెచేత వండించుకొనుటయే గాక, ఒకపూట మీరు వండి పెట్టుడు. ఇంటికి వచ్చిన కోడలిమీద ఆ బరువంతయు వేసి, మంచి కుమారుడనను పేరు మీరు తీసికొనకుడు. ఆ కోడలి తల్లికిని ఒక ఇల్లున్నది, ఆమెకును ముసలితనము వచ్చును.

1978లో విజయచందర్‌గారు నటించిన ‘కరుణామయుడు’ మన పల్లెలలో అన్ని మతములవారును చూచిన చిత్రము. ఆ కథ చివరి ఘట్టము మనకు సువార్తనుండియు తెలిసినదే. సిలువమీదనున్న కుమారుడు తల్లిని చూచి ఆమె మహిమను వర్ణింపలేదు. ఆమెను శిష్యునికి అప్పగించెను. ఆ గడియనుండి అతడు ఆమెను తన ఇంట చేర్చుకొనెను. అంత బాధలోను ఆయన ఆలోచించినది ఆ రాత్రి ఆమె ఎక్కడ ఉండునన్నదే. కుమారుని ప్రేమకు ఇంతకంటె సరియైన కొలత మాకు తెలియదు.

నేడు ఇక్కడనుండి వెళ్ళిన తరువాత, తల్లి బ్రతికియున్న ప్రతి కుమారుడును ఆమెను ఒక్క ప్రశ్న అడుగవలెనని కోరుచున్నాము. అమ్మా, నీకేమి కావలెను? ఏమియు వద్దు నాయనా అని ఆమె చెప్పును. అక్కడ ఆగిపోక, రెండవసారి అడుగుడు.